తల్లి ఇంటి నుంచి అరుణాచలం దాకా చలం

చలం అనగానే చాలామందికి ముందు గుర్తొచ్చేది ‘మైదానం’. కొందరికి అరుణాచలం. ఈ రెంటికీ పొత్తు కుదరక, పాత చలం వేరు, చివరి చలం వేరు అని సర్దిచెప్పుకునేవాళ్లూ ఉన్నారు. ఆయన బాల్యం చూస్తే అలా విడదీయడం కష్టం.

1894 మే 18న మద్రాసులో పుట్టాడు. ఇంటిపేరు కొమ్మూరి. తల్లి తండ్రి గుడిపాటి వెంకటరామయ్య దత్తత తీసుకోవడంతో గుడిపాటి వెంకట చలం అయ్యాడు. పెరిగింది తెనాలిలో. భర్త పెట్టే బాధలు, పుట్టింటికి చేరాక కూడా తీరని కష్టాలు: తల్లి జీవితంలో ఆయన చూసినవి ఇవే. తర్వాత చెల్లెలు అమ్మణ్ణి పెళ్లి, ఆ పెళ్లిలో రభస, ఆమె పడిన అగచాట్లు. ఆడదాని బతుకు గురించి చలం తర్వాత రాసిన ప్రతి మాట వెనుకా ఈ ఇద్దరూ ఉన్నారు. పుస్తకాల్లో చదివి తెచ్చుకున్న కోపం కాదది.

చిన్నప్పుడు నిష్ఠగా సంధ్య వార్చిన పిల్లాడే కాకినాడ పిఠాపురం రాజా కళాశాలలో రఘుపతి వెంకటరత్నం నాయుడి ప్రభావంలో పడి బ్రహ్మసమాజం వైపు తిరిగాడు. కులం పట్టింపులు వదిలేశాడు. మద్రాసులో బి.ఎ. చదువుతూ భార్య రంగనాయకమ్మను బడిలో చేర్చి, సైకిలు మీద దింపేవాడు. ఇప్పుడు వింటే ముచ్చటగా ఉంటుంది కానీ, ఆ రోజుల్లో అత్తవారికి అది తలవంపులు. ఉపాధ్యాయుడిగా మొదలై బడుల తనిఖీ అధికారి దాకా ఎదిగాడు. ఊళ్లు తిరిగే ఆ ఉద్యోగం ఆయనకు ఎన్నో ఇళ్ల లోపలి సంగతులు చూపించింది.

1927లో వచ్చిన ‘మైదానం’లో రాజేశ్వరి ప్లీడరు భర్తను వదిలి అమీర్ వెంట వెళ్లిపోతుంది. లేచిపోవడం తెలుగు కథకు కొత్త కాదు. వెళ్లిన ఆడది దానికి సిగ్గుపడకపోవడం, ఆ కథ ఆమె నోటే నడవడం కొత్త. అయితే చలం ఆమెకు సుఖాంతం ఇవ్వలేదు. అమీర్ చావుతో అంతా కూలిపోతుంది. కోరికను పాపమనని రచయితే, అది మనిషిని కాపాడుతుందని మాత్రం ఎక్కడా హామీ ఇవ్వలేదు. ‘స్త్రీ’ వ్యాసాలు, పిల్లలను కొట్టి లొంగదీసే పెంపకంపై తిరగబడిన ‘బిడ్డల శిక్షణ’ కూడా కుటుంబంలో అధికారం ఎవరిది అన్న ప్రశ్న చుట్టూ తిరిగేవే. అన్నింటికీ దక్కింది వెలి. అతణ్ణి రహస్యంగా చదివినవాళ్లే బయట తిట్టారు.

దేవుణ్ణి కాదన్నాడనుకున్న చలం దేవుడితో పేచీ పెట్టుకోవడం ఎన్నడూ మానలేదు. ‘మ్యూజింగ్స్’ చదివితే అది తెలుస్తుంది. మిత్రుడు చింతా దీక్షితులు రమణాశ్రమానికి దారి చూపాడు. శ్రీశ్రీ ‘మహాప్రస్థానం’ చలం రాసిన ‘యోగ్యతాపత్రం’తో పుస్తకంగా వెలువడిన 1950లోనే ఆయన బెజవాడ విడిచి, కుటుంబంతో తిరువణ్ణామలై చేరాడు. ఆ ఏప్రిల్ 14న రమణ మహర్షి కన్నుమూశారు. గురువు పోయినా చలం తిరిగి రాలేదు. కూతురు సౌరిస్ ఆధ్యాత్మిక అనుభవాలే ఆ ఇంటికి దారి అయ్యాయి. తండ్రి మాటే చెల్లాలన్న కుటుంబాన్ని జీవితమంతా ఎదిరించినవాడు, చివరి ఏళ్లలో కూతురి మాట వింటూ బతికాడు.

1979 మే 4న అక్కడే కన్నుమూశాడు. మరో రెండు వారాలుంటే ఎనభై అయిదు నిండేవి.