మావటి కుమారుడు సాబు

ఒకనాడు చలనచిత్ర ప్రేక్షకులలో సాబు పేరెరుగనివారు అరుదు. ఆతడు 1924వ సంవత్సరమున మైసూరు సంస్థానమందలి కారాపురమున జన్మించెను. తండ్రి మహారాజుగారి ఏనుగులకు మావటి. బాల్యముననే తల్లిదండ్రులను గోల్పోయిన ఆ బాలునకు గజశాలయే ఇల్లు, ఏనుగులే చుట్టములయ్యెను.

కిప్లింగు కథను చిత్రముగా తీయుటకు మైసూరు వచ్చిన రాబర్టు ఫ్లాహెర్టీ బృందము అతనిని కథానాయకునిగా ఎన్నుకొనెను. 1937లో 'ఎలిఫెంట్ బాయ్' విడుదలయ్యెను. పిమ్మట 'ది థీఫ్ ఆఫ్ బాగ్దాద్' (1940), 'జంగిల్ బుక్' (1942) ఆతని కీర్తిని ఖండాంతరములకు వ్యాపింపజేసెను.

1944లో సాబు అమెరికా పౌరుడయ్యెను. ఆ దేశపు వైమానిక దళమున చేరి, బాంబరు విమానములలో తుపాకి పట్టి పసిఫిక్ రణరంగమున పోరాడి, శౌర్యపతకమును పొందెను. కాని యుద్ధమునుండి మరలిన ఆ వీరునకు చిత్రసీమ ఇచ్చినవి చాలవరకు పూర్వపు అరణ్యవేషములే. 'బ్లాక్ నార్సిసస్' (1947)లోని రాజకుమార పాత్రవంటివి అరుదు.

మెహబూబ్ ఖాన్ 'మదర్ ఇండియా'లో బిర్జూ పాత్రకు అతనిని కోరెను. ప్రభుత్వానుమతి లభింపక అది నెరవేరలేదు. 1957లో వెలువడిన ఆ చిత్రమున ఆ పాత్రను సునీల్ దత్ ధరించెను.

1963 డిసెంబరు 2న కాలిఫోర్నియాలో, ముప్పదితొమ్మిదవ యేట, సాబు గుండెపోటుతో కన్నుమూసెను. లోకమునకు భారతబాలుడై కనుపించిన ఆతడు ఒక్క భారతీయ చిత్రమునందైనను నటింపలేదు. స్వస్థలమునకు దూరముగా కొలువు సేయు మనకు ఆ లోటెట్టిదో వేరుగ జెప్ప నక్కరలేదు.