మన్యం సాధువు అల్లూరి సీతారామరాజు

మన మాకవరపాలెం నుంచి నర్సీపట్నం మీదుగా కృష్ణదేవిపేట వెళ్ళి అల్లూరి సీతారామరాజు సమాధిని దర్శించిన పెన్షనరు మిత్రులు చాలామందే ఉంటారు. ఆయన పోరాటాన్ని బుర్రకథల్లో విన్నాం, సినిమాలో చూశాం. అంతకుముందు అయిదేళ్ళు ఈ మన్యంలో ఆయన చేసిన సేవ మాత్రం అంతగా ప్రచారంలోకి రాలేదు.

1897 జూలై 4న విశాఖ జిల్లా పాండ్రంగిలో జన్మించారు. చిన్నతనంలోనే తండ్రి గతించగా, తహశీల్దారుగా పనిచేసిన పినతండ్రి రామకృష్ణంరాజు ఆదుకున్నారు. చదువు హైస్కూలు దాటలేదు. దైవచింతనతో ఉత్తరదేశ యాత్రలు చేసి, 1917లో సాధువుగా కృష్ణదేవిపేట చేరారు.

1882 నాటి అటవీ చట్టం వల్ల పోడు వ్యవసాయం సాగక గిరిజనులు అలమటిస్తున్న రోజులవి. గూడెం డిప్యూటీ తహశీల్దారు బాస్టియన్ వారిని బలవంతంగా రోడ్డు పనికి తోలి, న్యాయమైన కూలి కూడా ఇచ్చేవాడు కాదు. రాజుగారు రోగులకు మూలికావైద్యం చేశారు, తాగుడు మాన్పించారు, తగవులు కోర్టుకెక్కకుండా పంచాయతీలు పెట్టించారు.

ఈ సేవే ప్రభుత్వానికి అనుమానాస్పదమైంది. 1922 ఆరంభంలో ఆయనను నిఘాలో ఉంచారు. పోలవరం డిప్యూటీ కలెక్టరు ఫజులుల్లా ఖాన్ మాత్రం సానుభూతితో పైడిపుట్టలో భూమి ఇప్పించారు. బాస్టియనూ ప్రభుత్వోద్యోగే, ఖాన్‌గారూ ప్రభుత్వోద్యోగే! ఉద్యోగం పోగొట్టుకున్న గ్రామ మునసబు గాం గంటం దొర రాజుగారికి కుడిభుజమయ్యారు.

బాధితుల మొర ఆలకించేవారు లేక, ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి పోలీసు స్టేషన్లపై దాడి చేశారు. మొత్తం 26 తుపాకులు తీసుకున్నారు. తీసుకున్న ఆయుధాల వివరం స్టేషను రికార్డులో రాసి సంతకం చేశారని ప్రసిద్ధి. సెప్టెంబరు 24న దామనపల్లి ఘాట్‌లో స్కాట్ కవర్డ్, హైటర్ అనే ఇద్దరు తెల్ల అధికారులు హతులయ్యారు. తోడుగా వస్తున్న భారతీయ పోలీసులను రాజుగారు ముందుగా పోనిచ్చారు.

తరువాత మలబారు పోలీసులు, అస్సాం రైఫిల్స్ దిగాయి. రెండేళ్ళకు, 1924 మే 7న, మంప వద్ద ఆయన పట్టుబడ్డారు. కోర్టు లేదు, విచారణ లేదు. కొయ్యూరులో మేజర్ గుడాల్ కాల్పించాడు. పారిపోబోయాడని ప్రభుత్వం చెప్పుకొంది. అప్పటికి ఆయనకు ఇరవై ఏడేళ్ళు నిండలేదు. ఆ జూన్‌లోనే గంటం దొర కూడా నేలకొరిగారు. ఆయన సోదరుడు మల్లు దొర అండమాన్ శిక్ష అనుభవించి తిరిగివచ్చి, 1952లో విశాఖపట్నం నుంచి లోక్‌సభకు ఎన్నికయ్యారు.