రోహిణికి డెబ్బై అయిదు

రోహిణి కార్తె ఎండలకు రోళ్లు పగులుతాయని మా రేపల్లె వైపు ఇప్పటికీ అంటారు. తమాషా ఏమిటంటే ఆ కార్తెలో రోహిణి చుక్క కనిపించదు. సూర్యుడు ఆ దిక్కునే ఉంటాడు కాబట్టి పగటి వెలుగులో మునిగిపోతుంది. కార్తె పేరు తెలిసి చుక్క తెలియని మనకు, చుక్కల సంగతి తేట తెలుగులో చెప్పినవారు కొడవటిగంటి రోహిణీప్రసాద్. 1949 సెప్టెంబర్ 14న పుట్టారు. 2024కు ఆయన పుట్టి డెబ్బై అయిదేళ్లు. 2012లో, పుట్టినరోజు ఇంకా ఆరు రోజులుందనగా వెళ్లిపోయారు. అయినా పండగే చేసుకుందాం.

తెనాలికి ఆయన మీద హక్కు తండ్రి వైపు నుంచి వచ్చింది. ఆయన తండ్రి కుటుంబరావు గారు పుట్టింది తెనాలిలో. చందమామ పత్రిక చక్రపాణి గారిదీ ఆ ఊరే. పురాణాల్లో చంద్రుడికి ఇరవై ఏడుగురు భార్యలున్నా మక్కువంతా రోహిణి మీదే. కొడుక్కి ఆ పేరు పెట్టిన మూడేళ్లకు, 1952లో, తండ్రి చందమామలో చేరి 1980లో కన్నుమూసేదాకా దాన్ని నడిపారు. కావాలని కుదిర్చినా ఇంత బాగా కుదరదు!

ఉద్యోగరీత్యా రోహిణీప్రసాద్ ఖగోళ శాస్త్రవేత్త కారు. బొంబాయి భాభా అణు పరిశోధన కేంద్రంలో పనిచేశారు. సితార్ వాయించేవారు. ‘మానవ పరిణామం’, ‘అణువుల శక్తి’ కూడా రాశారు గానీ, నా ఓటు ‘విశ్వాంతరాళం’కే. సైన్సంటే సంస్కృత సమాసాలు పేర్చడమనుకునేవాళ్లు ఓసారి చదవాలి.

2024 సంక్రాంతికి మా మేనల్లుణ్ణి బాపట్ల సూర్యలంకకు తీసుకెళ్లాను. రాత్రి తొమ్మిది. ఇసుకలో వెల్లకిలా పడుకుంటే రోహిణి సరిగ్గా నడినెత్తిన ఉంది. బాపట్ల అక్షాంశమూ, ఆ చుక్క దారీ దాదాపు ఒకటే, పదహారు డిగ్రీలకు కాస్త అటూ ఇటూ. పిల్లలకోడి పక్కనే, ఎర్రజీర తిరిగిన చుక్క. సూర్యుడికి నలభై రెట్లకు పైగా అడ్డుకొలత. దూరం సుమారు 65 కాంతి సంవత్సరాలు. అంటే మా కళ్లలో పడ్డ ఆ వెలుగు బయల్దేరేనాటికి రోహిణీప్రసాద్ తొమ్మిదేళ్ల పిల్లాడన్నమాట.

చంద్రుడి కథ కూడా చెప్పాను. 2015 నుంచి 2018 దాకా నెలనెలా చంద్రుడు రోహిణికి అడ్డం వచ్చి, భూమ్మీద ఏదో ఒక మూలవాళ్లకు దాన్ని కనపడకుండా చేశాడని, ఆ ప్రేమకథకు ఇలాంటి దృశ్యాలే మూలమై ఉండొచ్చని. చంద్రుడి వెలుగు మనకు సెకనున్నరలోపే చేరుతుందని కూడా అన్నాను.

వాడు కాసేపు వేళ్లు లెక్కపెట్టి, “సెకనున్నర దూరంలో మొగుడు, అరవై అయిదేళ్ల దూరంలో పెళ్లాం! ఇదేం కాపురం మామయ్యా?” అన్నాడు.

ఇంటికి రాగానే వాడి చేతిలో ‘విశ్వాంతరాళం’ పెట్టాను.