హెలెన్ రిచీ జీవితము

స్త్రీవిద్యను గూర్చి మహాసభలయందు తీర్మానములు గావించుట మనకు పరిపాటి. చదివి, అర్హత గడించి, ఉద్యోగమును సయితము పొందిన స్త్రీకి పని నీయకున్న నేమగును? అమెరికా వైమానికురాలగు హెలెన్ రిచీ చరిత్ర దీనికి సమాధానము చెప్పుచున్నందున, దానిని సోదరీసోదరుల యెదుట నుంచుచున్నాము.

ఈమె 1909 నవంబరు 21వ తేదీన పెన్సిల్వేనియా రాష్ట్రమందలి మెకీస్‌పోర్టు పట్టణమున జన్మించెను. తండ్రి ఆ యూరి పాఠశాలల పర్యవేక్షకుడు. ఇరువది యేండ్ల ప్రాయముననే ఈమె విమానము నడుపుట నేర్చి, అనుమతిపత్రమును బడసెను. 1933 డిసెంబరులో ఫ్రాన్సెస్ మార్సాలిస్ అను వనితతో గూడి, మయామీ నగరముపై దాదాపు 10 దినములు నేలకు దిగక విమానమును నడిపెను. వారికి వలయు ఇంధనము మరియొక విమానము నుండి గాలిలోనే అందింపబడుచుండెను.

1934లో సెంట్రల్ ఎయిర్‌లైన్స్ సంస్థ ఈమెను సహచోదకురాలుగా నియమించెను. ఆ డిసెంబరు 31న వాషింగ్టను నుండి డిట్రాయిటుకు మూడు ఇంజనుల ఫోర్డు విమానమున నీమె తొలి ప్రయాణము గావించెను. అమెరికాలో నియతకాలమున నడచు ప్రయాణికుల విమానములలో చోదకోద్యోగము పొందిన మొదటి స్త్రీ యీమెయే.

పత్రికలు కొనియాడినవి, తోడి చోదకులు మాత్ర మోర్వలేదు. వారి సంఘము సభ్యత్వము నిరాకరించెను. వాతావరణము బాగుగా లేనపుడు ఈమెను పంపవలదని ప్రభుత్వ శాఖ సంస్థకు సూచించెను. మబ్బు పట్టని దినముననే యెగురుమనుట పదవి నిచ్చి పని లాగికొనుటయే గదా! సంస్థ యీమెను ప్రసంగములకును, ప్రచారమునకును విశేషముగా వినియోగించెను. పది నెలలలో పండ్రెండు మారులైనను రాకపోకలు సాగలేదు. 1935లో నీమె రాజీనామా నిచ్చెను.

సామర్థ్యమున లోపము లేదని తరువాతి చరిత్రయే చాటుచున్నది. 1936లో అమీలియా ఇయర్‌హార్టుతో గూడి బెండిక్సు పందెమున నైదవ స్థానము పొందెను. 1942లో ఇంగ్లండునకు బోయి, యుద్ధవిమానములను ఒకచోటి నుండి మరియొకచోటికి చేర్చెను. పిదప స్వదేశమున సైనిక విమానములను నడిపెను. యుద్ధము ముగిసినంతనే పని కరవయ్యెను. 1947 జనవరి 7న, 37 యేండ్లకే, న్యూయార్కున అస్తమించెను.

అమెరికా విమాన సంస్థలలో మరియొక స్త్రీకి చోదకోద్యోగము లభించుటకు 1973 వరకు వేచియుండవలసివచ్చెను. ఆ యేడు ఫ్రాంటియర్ సంస్థలో చేరిన యామె ఎమిలీ హోవెల్ వార్నర్. మన దేశమున మొదటి వాణిజ్య వైమానికురాలుగా పేరొందిన ప్రేమ్ మాథుర్‌నకు కొలువిచ్చినది హైదరాబాదు నందలి దక్కన్ ఎయిర్‌వేసు సంస్థయని తెలుగువారము సంతోషముతో స్మరింపదగును.

పోషకులకు మా విన్నపమొక్కటే. మన బాలికలకు విద్యార్థివేతనము లొసంగుచున్న చేతులతోనే, వారు చదువు ముగించి వచ్చిననాడు మన దుకాణములలో, కార్యాలయములలో పనిని గూడ నొసంగుదురు గాక. మబ్బు పట్టిన నాటి పనిని సయితము వారికి నమ్మి యప్పగింతుము గాక.