తెర వెనక గొంతు, గుడి మైకులో గొంతు: ఎం.ఎస్. రామారావు గారు

ఈ వారం వీడియోలో సుందరకాండ గురించి చెప్పుకున్నాం కదా. దాన్ని తేట తెలుగులో పాడిపెట్టిన ఆయన గురించి చెప్పడానికి టైమ్ సరిపోలేదు. అందుకే ఇక్కడ రాస్తున్నా.

మా మల్లాపూర్‌లో మంగళవారం పొద్దున్నే గుడి మైకులో వినిపించే గొంతు ఆయనదే. చిన్నప్పుడు నాకది అలారం లెక్క, కొంచెం చిరాకు కూడా! ఆయన ఒకప్పుడు సినిమా సింగర్ అని ఇంజనీరింగ్ అయ్యాక గానీ తెలీలేదు.

రామారావు గారు 1921లో తెనాలి దగ్గర మోపర్రులో పుట్టారు. కుర్రతనంలోనే పాటగాడిగా పేరొచ్చింది. సినిమాల్లోకి వెళ్లమని అడవి బాపిరాజు గారు ప్రోత్సహించారంటారు. అప్పట్లో మామూలుగా తెర మీద కనిపించేవాళ్లే పాడుకోవాలి. 1944లో వై.వి. రావు గారి 'తహసిల్దార్'లో రామారావు గారు తెర వెనక నుంచి పాడారు. తెలుగులో తొలి నేపథ్య గాయకుడు ఆయనే అని చెప్తారు. తాజ్‌మహల్‌లో నిద్రపోతున్న షాజహాన్ మీద ఆయన పాడిన పాట ఒకటుంది, తప్పకుండా వెతికి వినండి. జోలపాటంత మెత్తగా ఉంటుంది.

1949లో 'మనదేశం'లో కృష్ణవేణి గారితో కలిసి పాడారు. ఎన్టీఆర్ గారి మొదటి సినిమా అది. సంగీతం ఘంటసాల గారు. ఆ తర్వాత కొన్నేళ్లకే హీరోలందరికీ ఘంటసాల గారి గొంతే కావాల్సి వచ్చింది. ఇందులో ఎవరి తప్పూ లేదు. కానీ దారి వేసినవాళ్లకి ఆ దారిలో చోటు లేకపోవడం నాకైతే బాధగానే అనిపిస్తుంది. ఆయన మద్రాసు వదిలి రాజమండ్రి వచ్చేశారు.

భక్తులు చెప్పుకునే మాట ఒకటుంది. వైమానిక దళంలో ఉన్న కొడుకు జాడ యుద్ధంలో తెలియకపోతే, ఆ తండ్రి హనుమంతుడినే పట్టుకుని కూర్చున్నారట. కొడుకు క్షేమంగా తిరిగొచ్చాడట. తులసీదాసు గారి చాలీసాని తెలుగు చేసి పాడారు. 1970లలో వాల్మీకి సుందరకాండని, అరవై ఎనిమిది సర్గల కథని, మన అమ్మమ్మలకి కూడా అర్థమయ్యే పాటగా మలిచారు. ఊరూరా గుళ్లలో పాడారు. సినిమా వాళ్లు ఇవ్వని పేరు అలా వచ్చింది: సుందరదాసు. 1992లో కన్నుమూశారు.

రెండేళ్ల కింద ప్రాజెక్ట్ అయిపోయి నేను బెంచ్ మీద కూర్చున్నా. ఇంట్లో చెప్పలేదు. రోజూ బ్యాగ్ తగిలించుకుని ఉప్పల్ మెట్రో దాకా వెళ్లేవాణ్ణి. చెవిలో సుందరకాండ. హనుమంతుడు లంకంతా గాలించి, సీతమ్మ కనపడక, ఏ మొహం పెట్టుకుని వెనక్కి వెళ్లాలి అని కుంగిపోయే చోటు ఉంది చూడండి, అశోకవనంలోకి అడుగుపెట్టే ముందు... అక్కడ చాలాసార్లు వెనక్కి జరిపి విన్నాను. మూడో వారం ఇంట్లో అమ్మకి విషయం చెప్పేశాను.