తెలుగు తెరకు వెన్నెల తెచ్చిన కెమెరామన్ మార్కస్ బార్ట్లే

ఇబ్రహీంపట్నం దగ్గర కృష్ణ ఒడ్డున పున్నమి రాత్రి నిలబడితే పెద్దవాళ్లకు ‘మాయాబజార్’లో పడవ పాట గుర్తొస్తుంది. పాడిందెవరో చెప్తారు, నటించిందెవరో చెప్తారు. ఆ వెన్నెల ఎవరు తెచ్చారని అడిగితే మాత్రం చాలామంది ఆలోచనలో పడతారు. తెచ్చింది కెమెరామన్ మార్కస్ బార్ట్లే.

ఆయన తెలుగువారు కాదు. 1917లో సిలోన్‌లో, అంటే నేటి శ్రీలంకలో, ఆంగ్లో ఇండియన్ కుటుంబంలో పుట్టారు. సినిమాల్లోకి రాకముందు టైమ్స్ ఆఫ్ ఇండియాకు ఫొటోలు తీశారు, న్యూస్‌రీళ్లకు పనిచేశారు. అక్కడ రెండో టేకు ఉండదు. జరుగుతున్నప్పుడే పట్టుకోవాలి. ఆ అలవాటుతోనే 1945లో బి.ఎన్.రెడ్డి ‘స్వర్గసీమ’కు కెమెరా పట్టారు.

తర్వాత నాగిరెడ్డి, చక్రపాణిల విజయా సంస్థ ఆయనకు ఇల్లులా మారింది. ‘షావుకారు’, ‘పాతాళభైరవి’, ‘మిస్సమ్మ’, ‘గుండమ్మ కథ’ అన్నీ ఆయన తీసినవే. కెమెరా ముందు నిమ్మకూరు ఎన్టీఆర్, నూజివీడు ఎస్వీ రంగారావు, చిర్రావూరు సావిత్రి. అంతా మన ఉమ్మడి కృష్ణా, గుంటూరు జిల్లాల వాళ్లే. కెమెరా వెనక మాత్రం ఈ సిలోన్ మనిషి. 1952లో మన దేశంలో జరిగిన మొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవానికి ‘పాతాళభైరవి’ వెళ్లింది.

1957లో ‘మాయాబజార్’ వచ్చింది. ఆ సినిమాకు కంప్యూటర్ల సాయం లేదు, రంగులూ లేవు. ఉన్నవి దీపాలు, నీడలు, నలుపు తెలుపు ఫిల్ము. దీపాల వెలుగునే మెత్తబరిచి నీళ్ల మీద వెన్నెలగా పరిచారు. చూసినవాళ్లు అది నిజం వెన్నెలే అనుకున్నారు.

పదేళ్లకు విజయా వాళ్లు ‘రాముడు భీముడు’ను హిందీలో ‘రామ్ ఔర్ శ్యామ్’గా తీశారు. దిలీప్ కుమార్, అంటే మన ఇళ్లల్లో పెద్దలు ఇష్టంగా చెప్పుకునే యూసుఫ్ ఖాన్, అందులో రెండు పాత్రలు వేశారు. ఆ రోజుల్లో ఒకే మనిషిని ఇద్దరిగా చూపాలంటే ఫ్రేములో సగం మూసి తీసి, ఫిల్ము వెనక్కి తిప్పి, మిగతా సగం తీయాలి. కెమెరా వెంట్రుకవాసి కదిలినా పనంతా పాడే. ఆ సినిమాకూ కెమెరా బార్ట్లేదే. దిలీప్ సాబ్‌కు ఫిల్మ్‌ఫేర్ అవార్డు వచ్చింది.

మలయాళంలో ‘చెమ్మీన్’ సముద్రాన్ని చూపించిందీ ఆయనే. 1969 తమిళ చిత్రం ‘శాంతి నిలయం’కు జాతీయ అవార్డు అందుకున్నారు. 1993లో కన్నుమూశారు.

2010లో ‘మాయాబజార్’కు రంగులద్ది మళ్లీ విడుదల చేశారు. రంగులు కొత్తవి. వెన్నెల మాత్రం ఆయనదే. ఈసారి ఇంట్లో ఆ సినిమా పెట్టినప్పుడు టైటిల్స్‌లో ఛాయాగ్రహణం దగ్గర ఒక్క క్షణం ఆగి, ఆ పేరు పిల్లలకు చూపించండి.