మాసూమా బేగం గారు - తల్లి చదువు, కూతురి సేవ

అమ్మాయి పదో తరగతి దాటితే చాలు, ఇక చదువెందుకులే అనుకునే ఇళ్ళు మనలో ఇంకా ఉన్నాయి. మిరపకోతలు, పత్తితీతలు వచ్చాయంటే ఆ చదువు కూడా మధ్యలోనే ఆగిపోతుంది. అందుకే ఈ సంచికలో మాసూమా బేగం గారి జీవితం గురించి నాలుగు మాటలు చెప్పుకుందామనుకున్నాం.

ఆమె 1901లో హైదరాబాదులో జన్మించారు. తాతగారు ఇమాదుల్ ముల్క్ సయ్యద్ హుస్సేన్ బిల్‌గ్రామీ నిజాం ప్రభుత్వంలో విద్యాశాఖను నడిపిన పెద్దమనిషి. తల్లి తయ్యబా బేగం గారు 1910లో మద్రాసు విశ్వవిద్యాలయం నుండి బి.ఏ. పట్టా పొందారు. అప్పటికి మాసూమాకు తొమ్మిదేళ్ళు. అంటే పిల్లల తల్లి అయ్యాక కూడా ఆమె పుస్తకం వదల్లేదన్నమాట! పరదా పాటించే కుటుంబాల ఆడపిల్లలు కూడా చదువుకోగలిగిన మహబూబియా బాలికల పాఠశాలలో మాసూమా చదువుకున్నారు. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో ఇంగ్లీషు ఆచార్యులైన హుస్సేన్ అలీ ఖాన్ గారితో వివాహమైంది.

1921లో తల్లి కాలం చేశారు. ఆమె పెంచిన అంజుమనె ఖవాతీన్ అనే స్త్రీల సంఘం పనిని కూతురు తన భుజాన వేసుకున్నారు. అఖిల భారత మహిళా సభలోనూ పనిచేశారు.

1948లో పోలీసు చర్య జరిగింది. హైదరాబాదు ముస్లిముల మనసుల్లో బెదురు ఇంకా పోని రోజులవి. అలాంటప్పుడు 1952లో తొలి ఎన్నికలు వచ్చాయి. మాసూమా బేగం గారు కాంగ్రెసు తరఫున పాతబస్తీలోని షాలిబండ నుండి నిలబడి గెలిచారు. 1956లో ఆంధ్రప్రదేశ్ ఏర్పడి, అప్పటి గుంటూరు జిల్లాలోని మన అద్దంకీ, ఆమె పాతబస్తీ ఒకే రాష్ట్రంలోకి వచ్చాయి. 1957లో ఆమె పత్తర్‌గట్టి నుండి మళ్ళీ గెలిచారు. 1960లో దామోదరం సంజీవయ్య గారు ముఖ్యమంత్రి అయినప్పుడు ఆమెకు సాంఘిక సంక్షేమ శాఖ అప్పగించారు. హరిజన కుటుంబంలో పుట్టిన ముఖ్యమంత్రి, ఆయన మంత్రివర్గంలో ఒక ముస్లిం స్త్రీ! ఆ రోజుల్లో అది చిన్న సంగతి కాదు.

1962లో అదే పత్తర్‌గట్టిలో సుల్తాన్ సలావుద్దీన్ ఒవైసీ గారి చేతిలో ఆమె ఓడిపోయారు. తన వాళ్ళ మధ్య ఓడిపోవడం ఎవరికైనా కష్టమే. అయినా ఆమె ఇంట్లో కూర్చోలేదు. ఆ దశాబ్దంలోనే అఖిల భారత మహిళా సభకు అధ్యక్షురాలయ్యారు. 1974లో ప్రభుత్వం పద్మశ్రీ ఇచ్చి గౌరవించింది. 1990లో ఆమె పరమపదించారు.

ఆమెది కలిగిన ఇల్లు, మనవి కష్టం చేసుకునే ఇళ్ళు, నిజమే. కానీ పదవి ఓటుతో వచ్చి ఓటుతో పోయింది. తల్లి ఇచ్చిన చదువు, అప్పగించిపోయిన సేవ మాత్రం చివరిదాకా నిలిచాయి. సభ్యులందరికీ మేము చేసే మనవి ఒక్కటే: ఈసారి కోతల రోజుల్లో మీ అమ్మాయి పుస్తకాల సంచి మూలన పడకుండా చూడండి.